వేడ్ ట్రాస్క్ ఆడని నలభై ఏడు ఆటలు

వేడ్ ట్రాస్క్ మా ఈరీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టుకు పదకొండేళ్లు క్వార్టర్‌బ్యాక్‌గా, అంటే బంతి విసిరేవాడిగా, ఉన్నాడు. ఆ పదకొండేళ్లలో దెబ్బలు తగిలి నలభై ఏడు ఆటలు ఆడలేకపోయాడు. ఆ నలభై ఏడూ ఆడింది నేను. అందుకే అతని ఒంట్లో ఏ ఎముక ఏ నెలలో విరిగిందో అతని భార్యకన్నా నాకే బాగా తెలుసు.

నా పేరు నోర్బర్ట్ కుబియాక్. అందరూ నోర్బ్ అంటారు. పుట్టింది, పెరిగింది ఈరీలోనే, తూర్పు వైపు పోలిష్ వాళ్ల వీధుల్లో. చిన్నప్పటి నుంచీ బంతి బాగా విసిరేవాణ్ణి. ఎదురుగా ఎవరూ లేనప్పుడు ఇంకా బాగా విసిరేవాణ్ణి. చిక్కంతా అక్కడే ఉంది. క్వార్టర్‌బ్యాక్ చేతికి బంతి రాగానే, మూడేసి వందల పౌన్ల బరువున్న నలుగురు మనుషులు అతన్ని నేలకు అదిమెయ్యాలని పరుగెత్తుకొస్తారు. ఎవరికి విసరాలో చూసుకోవడానికి అతనికి మిగిలేది మూడు క్షణాలు. వేడ్ ఆ మూడు క్షణాలూ మైదానం కేసి చూసేవాడు. నేను ఆ నలుగురి కేసి చూసేవాణ్ణి.

అయినా మా ఊరి జట్టు ఫాగ్‌హార్న్స్, అంటే ఓడల బూరలు, నన్ను రెండో క్వార్టర్‌బ్యాక్‌గా తీసుకున్నారు. ప్రపంచంలో అంతకన్నా మంచి ఉద్యోగం ఉందని నేననుకోను. టోపీ పెట్టుకుని, చేతిలో ఎత్తుగడలు రాసిన అట్ట పట్టుకుని, గీత పక్కన నిలబడి పొద్దుతిరుగుడు గింజలు నములుతూ ఆట చూడటం. ఆదివారం మధ్యాహ్నం అరవై వేలమంది ఆ ఆట చూడటానికి టిక్కెట్లు కొనుక్కుని వస్తుంటే, నన్ను మాత్రం రమ్మని పిలిచి మరీ నిలబెట్టారు.

వేడ్ ఆ ఏడే టెక్సస్ నుంచి వచ్చాడు. పశువుల కొట్టంలో పెరిగిన మనిషి. నాకన్నా ఏడాది పెద్ద, అందుకని అన్నా అనేవాణ్ణి. ఆరడుగుల నాలుగంగుళాల పొడుగు, గడ్డం మీద గుర్రం తన్నిన మచ్చ. ఏ దెబ్బ తగిలినా అతను చెప్పే మాట ఒక్కటే. “ఏం లేదు, కాస్త పట్టేసింది, అంతే.”

మొదటి ఏడు మూడో ఆటలో, అక్రాన్‌లో, అతని మోకాలు పక్కకు తిరిగిపోయింది. పాదం ఒక వైపు, మోకాలు ఇంకో వైపు చూస్తున్నాయి.

“ఏం లేదు కోచ్, కాస్త పట్టేసింది,” అన్నాడు స్ట్రెచర్ మీద నుంచి.

కోచ్ గస్ హోలింజర్ నా కేసి తిరిగాడు. “ఏరా కుబియాక్, వెళ్లు.”

“ఎక్కడికి కోచ్?”

“సినిమాకి. మైదానంలోకి వెళ్లరా!”

వెళ్లాను. కాళ్లు వెళ్లాయి, మిగతా నేను తర్వాత చేరాను. మా వాళ్లు వరసగా వంగి నిలబడ్డారు. కాళ్ల సందులోంచి బంతి అందిస్తాడని ఒకడి వెనక నిలబడి, చేతులు చాచి, గట్టిగా అంకెలు అరిచాను. బంతి రాలేదు. మళ్లీ అరిచాను. నా ముందున్న మనిషి, పెర్సీ అనే నల్లటి కొండలాంటివాడు, కాళ్ల సందులోంచి తలకిందులుగా నన్ను చూసి మెల్లిగా అన్నాడు.

“నోర్బ్, బంతి పక్కాయన దగ్గరుంది బాబూ.”

ఆ ఏడు తొమ్మిది ఆటలు ఆడాను. రెండు గెలిచాం. రెంటిలోనూ నేను చేసిందల్లా బంతి పరుగెత్తేవాడి చేతిలో పెట్టి పక్కకు తప్పుకోవడమే. మా అమ్మ వాండా ప్రతి ఉదయం చర్చికి వెళ్లి కొవ్వొత్తి వెలిగించేది. నా కొడుకు గెలవాలి దేవుడా అని కాదు, ఆ టెక్సస్ కుర్రాడి మోకాలు తొందరగా అతుక్కోవాలి తల్లీ అని. ఆమె కూడా మ్యాచ్ చూడలేకపోయేది పాపం. టీవీకి వీపు చేసి కూర్చుని కజ్జికాయల్లాంటి పియెరోగీలు ఒత్తుకుంటూ, “లేచాడా? మా వాడు లేచాడా?” అని పక్కింటావిణ్ణి అడిగేదట.

రెండో ఏడు వేడ్ మోకాలు బాగైంది. నేను ఊపిరి పీల్చుకున్నాను. అక్టోబరు దాకా పీల్చుకున్నాను. అప్పుడతను కారు తలుపులో సొంత బొటనవేలు పెట్టుకుని సొంత చేత్తోనే వేసుకున్నాడు. నాలుగు ఆటలు. మూడో ఏడు జట్టు బస్సులో తుమ్మాడు. మామూలు తుమ్మే. నడుము పట్టేసి అలాగే వంగిపోయాడు. అతన్ని ఆ వంపుతోనే, బీరువా దించినట్టు, నలుగురం బస్సులోంచి దించాం. “ఏం లేదు,” అన్నాడు నేలకేసి చూస్తూ. రెండు ఆటలు.

మైదానంలో అయిన గాయాలకు నేనెవర్నీ ఏమీ అనను. ఆ ఆటే అంత. కాని బయట ఇతను ఇలా ఉంటే నా గతేంటి? ఆ చలికాలం బాగా ఆలోచించి ఒక నిర్ణయానికొచ్చాను. వేడ్‌ని కాపాడటం నా ఉద్యోగంలో భాగం.

అతనుండేది మా ఇంటికి రెండు వీధుల అవతల. మంచు పడితే వాళ్ల గుమ్మం ముందు నేనే పారతో ఎత్తిపోసేవాణ్ణి. అతను కూరగాయలు తరగబోతే కత్తి లాక్కునేవాణ్ణి. ప్రాక్టీసుకి నా కారులోనే తీసుకెళ్లేవాణ్ణి. తలుపు నేనే తీసి, నేనే వేసేవాణ్ణి.

“మా ఆయన్ని నువ్వు పెళ్లి చేసుకో నోర్బ్, నాకు కాస్త తీరుబడిగా ఉంటుంది,” అనేది అతని భార్య లోరీన్.

“అలా అనకు వదినా. ఈయన పడితే నేను పడాలి. నేను పడలేను.”

నాలుగో ఏడు ఒక్క ఆట కూడా తప్పలేదు అతనికి. ఆ ఏడే వాళ్లకు పాప పుట్టింది. జోసీ అని పేరు పెట్టారు. ప్రసవం రోజున వేడ్ పక్క ఊళ్లో ఆట ఆడుతున్నాడు. ఫోన్ నేను పట్టుకుని గీత పక్కన నిలబడ్డాను. లోరీన్ వాళ్లమ్మ ఫోన్ చేయగానే రెండు చేతులతో ఊయల ఊపినట్టు ఊపి చూపించాను. అతనది ఏదో కొత్త సంకేతం అనుకుని, అరక్షణం బుర్ర గోక్కుని, ఎడమ వైపు బంతి విసిరి టచ్‌డౌన్ కొట్టాడు.

ఐదో ఏడు డిసెంబరులో నా కొంప మునిగింది. వేడ్ ఇంటి కప్పు అంచుకు క్రిస్మస్ దీపాలు కట్టాలని నిచ్చెన తీశాడు. వీధి చివర నుంచి చూశాను. చెప్పులతోనే పరుగెత్తాను.

“దిగన్నా! ముందు దిగు! నేనెక్కుతాను.”

“రెండు మెట్లేగదరా.”

“సొంత తలుపులో వేలు పెట్టుకున్నవాడివి. దిగు.”

దిగాడు. నేనెక్కాను. అతను కింద నిచ్చెన పట్టుకున్నాడు. దీపాల పెట్టె ఇలా ఇమ్మన్నాను, అందించాడు. పాతకాలం దీపాలు, ఇనప్పెట్టె. నా చేతులు చలికి బిగుసుకుపోయి ఉన్నాయి. పెట్టె జారింది.

అతని కుడికాలి మీద పడింది.

“ఏం లేదు...” అన్నాడు గాని, ఈసారి ఆ మాట పూర్తి కాలేదు.

రెండు వేళ్లు విరిగాయి. మూడు ఆటలు. కోచ్ ఆఫీసుకు పిలిపించాడు.

“వాడి కాలు విరగ్గొట్టిందెవడు?”

“నేనే కోచ్.”

ఆయన చాలాసేపు నన్ను చూశాడు. ఆ చూపులో కోపం కన్నా గౌరవం ఎక్కువ కనిపించింది. అదే నన్ను భయపెట్టింది. “నీలో ఇంత కసి ఉందనుకోలేదురా,” అన్నాడు.

మర్నాడు పత్రికలో వచ్చింది: స్థానం కోసం సహచరుడి కాలు విరగ్గొట్టాడా? ఊరంతా నమ్మేసింది. మాంసం కొట్టాయన నాకు సాసేజ్ తూచి ఇస్తూ, “ఇదుగో, జాగ్రత్త, ఎవరి కాలి మీదా పడెయ్యకు,” అన్నాడు. చర్చిలో అమ్మ పక్కన ఎవరూ కూర్చోలేదు. ఆమె కొవ్వొత్తి వెలిగిస్తుంటే వెనక నుంచి ఒకావిడ, “ఇంకా ఏం కావాలట ఈ తల్లికి?” అందట. వాండా కుబియాక్ జీవితంలో మొదటిసారి చర్చిలో గొంతు పెంచింది. “నా కొడుక్కి ఆ స్థానం వద్దు! వాడు పిరికివాడు! ఊరంతా తెలుసుకోండి!”

ఎవరూ నమ్మలేదు.

వేడ్ మాత్రం ఒక్కసారి కూడా అనుమానించలేదు. కుంటుకుంటూ వచ్చి విలేకరుల ముందు నా భుజం మీద చెయ్యేశాడు. “వీడికి నా స్థానం కావాలంటే వారంలో ఆరు రోజులు నా గుమ్మంలో మంచు ఎందుకు ఎత్తుతాడయ్యా?” అన్నాడు. దానికీ వాళ్లు కారణం కనిపెట్టారు. నేరం చేసినవాడు అక్కడే తిరుగుతాడట.

ఆ తర్వాత ఏళ్లు గడిచాయి. కాలర్ ఎముక, ఎనిమిది ఆటలు. పక్కటెముకలు, మూడు. వాటిని అతను పది రోజులు దాచాడు. నవ్వినప్పుడల్లా గోడ పట్టుకుంటుంటే నేనే కనిపెట్టి డాక్టరమ్మకు చెప్పాను. మిరియమ్ ఫెల్డ్‌స్టీన్ అని, మా జట్టు డాక్టరు. నాలుగడుగుల పదకొండంగుళాల మనిషి. మా కొండల్లాంటి ఆటగాళ్లందరూ ఆమె గొంతు వినపడితే చొక్కా గుండీలు సరిచేసుకునేవాళ్లు. చిన్నాచితకవి అన్నీ కలిపి పదిహేను. ఒకసారి కన్నుకు కోక్ సీసా మూత తగిలింది, ఒక ఆట. ఒకసారి పాప పుట్టినరోజుకి తెచ్చిన పొట్టి గుర్రం చీలమండ మీద కాలేసింది, రెండు ఆటలు. పెద్ద గుర్రాల మధ్య పెరిగినవాణ్ణి పొట్టిది కుంటిని చేసిందని అతను నిజంగా బాధపడ్డాడు.

ఇలా పదకొండో ఏడు వచ్చింది. వేడ్‌కి ముప్పై ఐదు, నాకు ముప్పై నాలుగు. ఆ ఏడు మేం ఎవరూ ఊహించనంత బాగా ఆడాం. జనవరిలో స్క్రాంటన్‌తో సెమీఫైనల్, మా మైదానంలోనే. గెలిస్తే ఫైనల్. ఈరీ ఎప్పుడూ ఫైనల్ చూడలేదు. ఊరి పక్క సరస్సు మీద నుంచి గాలి కోస్తోంది. జనం మంచులోనే పొద్దున్నుంచి కార్ల వెనక పొయ్యిలు పెట్టి సాసేజ్‌లు కాలుస్తున్నారు.

నాలుగు భాగాల ఆటలో మూడో భాగం చివర్లో వేడ్‌ని డ్వేన్ ముల్‌కాహీ అనే స్క్రాంటన్ వాడు పట్టి నేలకేసి కొట్టాడు. తల వెనక్కి వెళ్లి గడ్డకట్టిన నేలకు తగిలింది. లేచాడు. దులుపుకున్నాడు. డాక్టరమ్మ కేసి చెయ్యి ఊపాడు, ఏం లేదని. ఇంకో విడత ఆడించాడు. ఆడే ముందు మా వాళ్లందర్నీ గుండ్రంగా చేర్చి ఎత్తుగడ చెప్తాడు గదా, నా చెవిలో కోచ్ మాటలు వినిపించే ఇయర్‌ఫోన్ ఉంది, అయినా అతని గొంతు అందులో రాదు. వాళ్ల మొహాలు మాత్రం కనిపించాయి. పెర్సీ తల అడ్డంగా ఊపుతున్నాడు. మిగతావాళ్లు ఒకరి మొహాలు ఒకరు చూసుకుంటున్నారు. ఎటు వాళ్లు అటు పరుగెత్తారు, బంతి ఎవరూ లేని చోట పడింది.

పెర్సీ బెంచీ దగ్గరికొచ్చి నన్నడిగాడు. “నోర్బ్, ముల్లంగి ఎడమ అంటే ఏంట్రా? పాతదా?”

నా చేతిలో గింజలు కింద పడ్డాయి. అది మా మొదటి ఏడాది ఎత్తుగడ. దాన్ని మానేసి ఆరేళ్లైంది.

వేడ్ వచ్చి నా పక్కన కూర్చున్నాడు. మొహం మామూలుగానే ఉంది. నీళ్లు తాగాడు. నా మోకాలి మీద చెయ్యేసి, ఎవరూ వినకుండా, కాస్త సిగ్గుపడుతూ అడిగాడు.

“ఫోన్ వచ్చిందా?”

“ఏం ఫోన్ అన్నా?”

“లోరీన్‌కి... ఎవరు పుట్టారు? అబ్బాయా, అమ్మాయా?”

జోసీ మాకు వెనక, నాలుగో వరసలో కూర్చుని ఉంది. ఏడేళ్ల పిల్ల. రెండు ముందు పళ్లూ ఊడిపోయి, వాళ్ల నాన్న అంకె వేసిన చొక్కా మోకాళ్ల దాకా వేలాడుతోంది. చేతిలో అట్ట మీద నాన్నా అని రాసుకుని ఊపుతోంది.

“అమ్మాయి అన్నా,” అన్నాను. “బాగుంది. లోరీన్ వదిన కూడా బాగుంది.”

“అమ్మాయి,” అని నవ్వుకున్నాడు. నవ్వుకుని, హెల్మెట్ తీసుకుని లేవబోయాడు.

నేను డాక్టరమ్మ దగ్గరికి పరుగెత్తాను. నా గురించి మంచిగా చెప్పుకోను గాని, ఆ క్షణాన, అతను కూర్చుంటే లేవాల్సింది నేనే అన్న సంగతి నాకు తట్టలేదు. తర్వాత తట్టింది. చాలా గట్టిగా తట్టింది.

“డాక్టరమ్మా, వేడ్‌కి తల సరిగా లేదు. పాప ఇప్పుడే పుట్టిందనుకుంటున్నాడు.”

ఆమె వేడ్‌ని కూర్చోబెట్టింది. కళ్లలోకి లైటు వేసింది.

“స్కోరెంత వేడ్?”

“పదమూడు, పదిహేడు. మనం వెనక.” ఆమె తల మీదుగా బోర్డు చూసి చదివాడు. ఆమె ఎత్తు బోర్డుకి అడ్డం రాదు.

“ఎవరితో ఆడుతున్నాం?”

“స్క్రాంటన్.” అదీ బోర్డు మీదే ఉంది.

“తారీఖు?”

అదీ ఉంది. సమయం, ఎండ ఎంత, చలి ఎంత కూడా చెప్పాడు. బోర్డు కింద ఫర్నిచర్ కొట్టు ప్రకటన ఉంటే ఆ కొట్టు పేరు కూడా చెప్పేవాడే.

“అన్నీ సరిగానే చెప్తున్నాడే,” అంది ఆమె.

“బోర్డు చూసి చెప్తున్నాడమ్మా! పాప వయసడగండి!”

వేడ్‌కి కోపం వచ్చింది. పదకొండేళ్లలో మొదటిసారి. “వీడికేమైంది డాక్టరమ్మా? నా బాగోగులు నాకు తెలీదా? నా స్థానం కావాలేమో వీడికి.”

కోచ్ వచ్చాడు. ఆయన మొహం బీట్‌రూట్‌లా ఉంది. “ఏరా కుబియాక్! కాలు విరగ్గొట్టింది చాల్లేదా? ఇంత ఆత్రమా? సెమీఫైనల్‌లోనా? వాడు పోతానంటున్నాడు, పోనీ!”

డాక్టరమ్మ “ఒక్క నిమిషం గస్,” అంటూనే ఉంది. అవతల రిఫరీ ఈల వేశాడు. వేడ్ హెల్మెట్ కోసం చెయ్యి చాపాడు.

హెల్మెట్ నేను తీసుకున్నాను. తీసుకుని పరుగెత్తాను.

దాన్ని ఎవరూ మర్చిపోలేరని ఇప్పటికీ చెప్తుంటారు. అరవై వేలమంది ముందు, దేశమంతా టీవీలో చూస్తుండగా, ముప్పై నాలుగేళ్ల మగాణ్ణి, ఒక హెల్మెట్ని పుచ్చకాయలా పొట్టకు హత్తుకుని, టోపీ ఎగిరిపోతున్నా ఆగకుండా గీత వెంబడి పరుగెత్తాను. వెనక వేడ్, అతని వెనక కోచ్. జనం అరుపులకు మైదానంలో ఊదే ఓడల బూర కూడా వినపడలేదు. మైదానం మూల దాకా పోయి వెనక్కి తిరిగి చూశాను.

వేడ్ నా వెనక లేడు.

అతను మధ్యలో ఆగాడు. ఎందుకు పరుగెత్తుతున్నాడో మర్చిపోయినట్టు ఒక క్షణం నిలబడ్డాడు. అప్పుడు మైదానాన్ని అడ్డంగా దాటుకుని, ప్రశాంతంగా నడుచుకుంటూ, స్క్రాంటన్ వాళ్ల బెంచీ దగ్గరికి వెళ్లి కూర్చున్నాడు. డ్వేన్ ముల్‌కాహీ పక్కనే. ఏదో అన్నాడు. ముల్‌కాహీ అటూ ఇటూ చూసి, తన నీళ్ల సీసా ఇచ్చాడు.

డాక్టరమ్మ ఇంకేమీ అడగలేదు. స్క్రాంటన్ బెంచీ దాకా వెళ్లి, అతన్ని చెయ్యి పట్టుకుని బడి పిల్లాడిలా నడిపించుకుని వచ్చింది. ముల్‌కాహీ వాళ్లను సగం దూరం సాగనంపాడు.

కోచ్ నా దగ్గరికొచ్చాడు. ఇద్దరం రొప్పుతున్నాం.

“ఏరా,” అన్నాడు. ఇంకేదో అనబోయి మింగేశాడు. “ఆ హెల్మెట్ నీకు పట్టదు. నీది తెచ్చుకో.”

తొమ్మిది నిమిషాలు మిగిలున్నాయి. నాలుగు పాయింట్లు వెనకున్నాం. జనం నన్ను తిడుతున్న తిట్లు పోలిష్‌లో, ఇటాలియన్‌లో, ఇంగ్లీషులో వినపడుతున్నాయి. పోలిష్‌వి బాగా అర్థమయ్యాయి. వాటిలో రెండు మా మేనమామవి.

మొదటి విడతలోనే ముల్‌కాహీ నన్ను పట్టుకున్నాడు. పదకొండేళ్లు నేను కలలో కూడా తప్పించుకు తిరిగిన దెబ్బ అది. ఆకాశం, నేల, ఆకాశం. పడ్డాను. పడి, ఎక్కడ నొప్పి మొదలవుతుందా అని ఎదురుచూశాను. మొదలైంది. అన్ని చోట్లా మొదలైంది. కాని బతికే ఉన్నాను. ముల్‌కాహీ చెయ్యిచ్చి లేపాడు.

“బాగున్నావా బాబాయ్? మీ వేడ్ ఎలా ఉన్నాడు?”

“చూస్తున్నారు. నీళ్లిచ్చినందుకు థాంక్స్.”

“పాప పుట్టిందట గదా, నాకూ చెప్పాడు.”

ఏమైందో తెలీదు, ఆ మాటతో నా భయం తగ్గింది. మొత్తం పోయిందనను. తగ్గింది. నేను విసిరిన బంతులు మా వాళ్ల చేతుల్లోనే పడటం మొదలైంది. ఒకటి పెర్సీ నెత్తి మీద తగిలి ఎగిరి మా వాడి చేతుల్లోనే పడింది, దాన్ని కూడా లెక్కలోనే వేశారు. తిట్లు ఆగిపోయాయి. అరుపులు మొదలయ్యాయి. ఆఖరికి, దాటితే ఆరు పాయింట్లొచ్చే స్క్రాంటన్ గీతకు మూడు గజాల దూరానికి చేరాం. ఏడు సెకన్లే మిగిలాయి. నాలుగో అవకాశం, చివరిది.

విసరాలి. విసరడానికే వెనక్కి వెళ్లాను. చూశాను. ఎవరూ ఖాళీగా కనిపించలేదు. నలుగురు నా మీదికి వస్తున్నారు. అప్పుడు నా కాళ్లు జీవితంలో ఎన్నడూ చెయ్యని పని చేశాయి. వాళ్లకు ఎదురు పరుగెత్తాయి. పెర్సీ వీపు వెనక దూరాను, ఎవరి చంకలోంచో తల బయటికొచ్చింది, పైన మనుషుల మీద మనుషులు పడ్డారు.

వాళ్లందరినీ ఒక్కొక్కళ్లనే పక్కకు తీశాక రిఫరీ మోకాళ్ల మీద కూర్చుని చూశాడు. బంతి గీతకు జానెడు ఇవతల ఉంది.

ఓడిపోయాం.

ఆసుపత్రిలో వేడ్ తలకు ఫొటోలు తీశారు. లోపల కొంచెం రక్తం చిమ్మింది. ఆపరేషన్ అక్కర్లేదన్నారు గాని, అలాంటి దెబ్బ ఇంకొక్కటి తగిలి ఉంటే ఏమయ్యేదో తాను చెప్పదలుచుకోలేదని డాక్టరమ్మ అంది. ఇక జన్మలో ఆడకూడదని కూడా అంది. ఆ సంగతి మర్నాడు పత్రికలో వచ్చింది. మాంసం కొట్టాయన నాకు పావుకిలో ఎక్కువ కట్టాడు. చర్చిలో అమ్మ వరసలో చోటు చాలలేదు.

వేడ్ మాత్రం నాతో మాట్లాడలేదు. ఫిబ్రవరి, మార్చి. గుమ్మం ముందు మంచు ఎత్తుతుంటే కిటికీ తెర మూసుకునేది. అతనికి ఆ ఆటలో ఏదీ గుర్తులేదు. గుర్తున్నదల్లా, పదకొండేళ్లు ఎదురుచూసిన ఫైనల్‌కి ఒక్క ఆట దూరంలో ఆగిపోయాడని.

ఈస్టర్‌కి ముందు శుక్రవారం లోరీన్ అతన్ని తీసుకుని మా ఇంటికి వచ్చింది. అమ్మ చేపలు వేయిస్తోంది. వేడ్ వంటగది బల్ల దగ్గర కూర్చుని, నన్ను చూడకుండా అన్నాడు.

“ఆ ఆట రికార్డింగు నీ దగ్గరుందట. పెట్టు.”

పెట్టాను. నేను హెల్మెట్‌తో పరుగెత్తడం చూశాడు. మొహంలో ఏ మార్పూ లేదు. తను ఆగిపోవడం చూశాడు. తను మైదానం దాటి నడుచుకుంటూ పోయి శత్రువుల బెంచీ మీద కూర్చోవడం, ముల్‌కాహీ భుజం తట్టి నీళ్లడగడం చూశాడు.

“మళ్లీ పెట్టు.”

మళ్లీ పెట్టాను. అతని ముక్కులోంచి ఒక శబ్దం వచ్చింది. తర్వాత బల్ల మీద తల పెట్టుకుని నవ్వాడు. లోరీన్ నవ్వింది, అమ్మ అట్లకాడ పట్టుకుని నవ్వింది. నవ్వు ఆగాక అతను కళ్లు తుడుచుకుని నెమ్మదిగా అడిగాడు.

“ముల్‌కాహీకి ఏం చెప్పాను?”

“పాప పుట్టిందని.”

“నిన్నేం అడిగాను?”

“అబ్బాయా అమ్మాయా అని.”

అతను లోరీన్ కేసి చూశాడు. పెరట్లో జోసీ ఎవరితోనో దెబ్బలాడుతున్న గొంతు వినపడుతోంది. వేడ్ కాసేపు ఆ గొంతే విన్నాడు. చెయ్యి చాపి నా మెడ పట్టుకుని ఒకసారి ఊపి వదిలాడు.

“సరే, ఆ ఆఖరి విడత పెట్టు,” అన్నాడు. పెట్టాను. తెర మీద వేలు పెట్టాడు. “ఇదుగో, ఆపు. వీణ్ణి చూడు. మూలలో ఒంటరిగా నిలబడి నీకు చేతులూపుతున్నాడు. విమానంలోంచి కూడా కనపడతాడు. విసరకుండా పరుగెత్తావేంట్రా?”

“కనపడలేదన్నా.”

“ఎర్ర చొక్కా వేసుకున్న ఆరున్నర అడుగుల మనిషి కనపడలేదా?”

“ఆ నలుగుర్నీ చూస్తున్నాను.”

“ఇంకా ఆ నలుగుర్నీ చూస్తూనే ఉన్నావా!”

మే నెలలో కోచ్ పిలిచి స్థానం నీదేరా అన్నాడు. వద్దనడానికే వెళ్లాను. సరే అని వచ్చాను. ఎందుకన్నానో ఇప్పటికీ సరిగా చెప్పలేను. ఆ జానెడు దూరం గుర్తొచ్చి ఉంటుంది. అమ్మ రెండు రోజులు నాతో మాట్లాడలేదు. పదహారు ఆటలూ నేనే ఆడాను. ఆరు గెలిచాం, పది ఓడాం. ఒంటి మీద తేనెటీగ కుట్టిన దెబ్బ తప్ప ఇంకేమీ తగల్లేదు.

వేడ్‌ని స్థానిక రేడియో వాళ్లు వ్యాఖ్యాతగా పెట్టుకున్నారు. నేను ఆడుతున్నంతసేపూ పైన అద్దాల గదిలో కూర్చుని, వేడి చాక్లెట్ తాగుతూ ఊరంతటికీ చెప్పేవాడు. “నోర్బ్ వెనక్కి వెళ్లాడు. ఎడమ వైపు మనిషి ఖాళీ. నోర్బ్ చూడడు చూడండి. చూడలేదు. ఇప్పుడు చూశాడు. ఇప్పుడు వాడు ఖాళీగా లేడు.”

అమ్మ ఓ ఆదివారం ఆట మధ్యలో రేడియోకి ఫోన్ చేసింది. వాళ్లు ఎవరో అభిమాని అనుకుని నేరుగా కలిపేశారు.

“వేడ్, నేను వాండాని.”

“చెప్పండమ్మా, మీరు లైవ్‌లో ఉన్నారు.”

“ఎక్కడున్నా నాకేం? మా వాణ్ణి అంతలా అంటున్నావు, కిందకి దిగి నువ్వే విసరరాదూ?”

“డాక్టరమ్మ ఒప్పుకోదమ్మా.”

“అయితే నోరు మూసుకుని ఆ చాక్లెట్ తాగు. రాత్రికి భోజనానికి రండి ముగ్గురూ, క్యాబేజీ చుట్టలు చేస్తున్నాను. ఇంతకీ లేచాడా? మా వాడు లేచాడా?”

“లేచాడమ్మా,” అన్నాడు వేడ్. “దులుపుకుంటున్నాడు.”